మహిళా సైన్యానికి చరిత్ర మంజూరు

సైన్యంలో పనిచేసిన స్త్రీలకు చరిత్ర మంజూరు చేస్తున్నట్టు రక్షణ మంత్రిగారు ప్రకటించారు. ఇంతకాలం వాళ్ళకి చరిత్ర లేకపోవడం గత ప్రభుత్వాల నిర్లక్ష్యమనీ, ఆర్నెల్లలో దాన్ని పూర్తి చేసి జాతికి అంకితం చేస్తామనీ, అందుకోసం రాజధాని నడిబొడ్డున ఒక గ్యాలరీ కడుతున్నామనీ చెప్పారు. ముందు రోజే పెద్ద కోర్టు, ఆడవాళ్ళకి కూడా అన్ని ర్యాంకులూ ఇచ్చి తీరాలని ప్రభుత్వానికి మొట్టికాయ వేసింది. ఆ మొట్టికాయ తగిలిన చోటే మంత్రిగారికి ఈ ఆలోచన మొలిచింది. కోర్టు ఆదేశించిన మీదట ప్రభుత్వం పూర్తి స్వచ్ఛందంగా ఈ నిర్ణయం తీసుకుందని ఆయన స్పష్టం చేశారు.

"ఆడవాళ్ళు ఆర్డరు వేస్తే మగ సిపాయిలు వినరని మీ శాఖే ఇన్నేళ్ళూ వాదించింది కదండీ?" అని ఒక విలేకరి అడిగాడు.

"వాదించింది. ఇప్పుడు కోర్టు ఆర్డరు వేసింది. మేం వింటున్నాం. మమ్మల్ని చూసి సిపాయిలు నేర్చుకుంటారు."

"మీ ఇంట్లోంచి ఎవరైనా సైన్యంలో చేశారా?"

మంత్రిగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. ఆయన కళ్ళజోడు తీస్తే ఏదో ఒక త్యాగం బయటికొస్తుందని విలేకరులకి అనుభవం. కలాలు సర్దుకున్నారు.

"గొప్పలు చెప్పుకోవడం మా ఇంటావంటా లేదు. అడిగారు కాబట్టి చెబుతున్నాను. మా అమ్మగారు యుద్ధంలో పనిచేశారు."

మంత్రిగారి మేనత్త ఆ సమయానికి తన వంటింట్లో బఠాణీలు ఒలుస్తూ టీవీ చూస్తోంది. ఎనభయ్యేళ్ళ మనిషి. పెళ్ళి చేసుకోలేదు. ఆస్పత్రిలో టెలిఫోన్ బోర్డు దగ్గర పనిచేసి రిటైరై, రెండు గదుల ఫ్లాట్‌లో ఒక్కతే ఉంటోంది. మేనల్లుడు మంత్రి అని ఇరుగుపొరుగుకి ఎప్పుడూ చెప్పలేదు. చెబితే సిఫార్సులకి వస్తారు, సిఫార్సు చేస్తే వాడు చెయ్యడు, రెండు విధాలా పరువు తక్కువ. టీవీలో ఆ మాట వినగానే ఆమె చేతిలో కాయ చేతిలోనే ఉండిపోయింది.

ఎందుకంటే ఆమె వదినగారు, అంటే మంత్రిగారి కన్నతల్లి, యుద్ధం మాట దేవుడెరుగు, ఇంట్లో టెలిఫోన్ మోగితేనే పక్కగదిలోకి వెళ్ళి తలుపేసుకునే మనిషి. యుద్ధంలో పనిచేసింది మేనత్త.

ఈ సంగతి వాళ్ళింట్లో అందరికీ తెలుసు. తెలుసు కాబట్టే ఎవరూ ఎత్తరు. అరవయ్యేళ్ళ కిందట యుద్ధానికి మగాళ్ళు చాలక, మహిళా సహాయక దళం అని ఒకటి పెట్టారు. టైపు కొట్టడానికీ, లారీలు తోలడానికీ, పారాచూట్లు మడతపెట్టడానికీ, టెలిఫోన్ లైన్లు కలపడానికీ ఆడపిల్లలు కావాలన్నారు. మేనత్తకప్పుడు ఇరవై. ఇంట్లో చెప్పకుండా వెళ్ళి చేరిపోయింది. యూనిఫాం మగవాళ్ళ కొలతలతోనే ఇచ్చి, బెల్టు బిగించుకుంటే సరిపోతుందన్నారు. యుద్ధం ముగిశాక దళాన్ని రద్దు చేసి, చాలా థ్యాంక్స్ అని చెప్పి, టోపీలు వెనక్కి తీసుకుని ఇళ్ళకి పంపేశారు. ఇంటికొస్తే అన్నయ్య గుమ్మంలోనే ఆపాడు. "ఎవరడిగినా టైపు నేర్చుకోడానికి వెళ్ళానని చెప్పు" అన్నాడు. వదిన యూనిఫాం తీసుకుని, రెండు ముక్కలు చేసి, ఇల్లు తుడిచే గుడ్డ చేసింది. మంచి గట్టి గుడ్డ. చాలాకాలం వచ్చింది.

మర్నాడు పొద్దున్నే మంత్రిగారు ఆ రెండు గదుల ఫ్లాట్‌కి స్వయంగా విచ్చేశారు. వెంట శాఖ పి.ఆర్.ఓ. ఉన్నాడు. పి.ఆర్.ఓ. అప్పటికి ఐదుగురు మంత్రుల దగ్గర పనిచేసిన మనిషి. ఐదుగురి గురించీ, ఇలాంటి మంత్రి ఇంతవరకూ రాలేదని ఒకే వ్యాసం రాశాడు.

"నిన్న టీవీ చూశావా అత్తయ్యా?"

"చూశాన్రా. మీ అమ్మ సైన్యంలో చేసిందని నాక్కూడా నిన్ననే తెలిసింది."

"వెక్కిరించకు. నేనేమన్నా గాల్లోంచి పుట్టించానా? మన ఇంట్లోంచి ఒకరు చేశారు. అది నిజం. ఎవరు చేశారన్నది వివరం."

"ఆ వివరం నేనే కదరా."

మంత్రిగారు కుర్చీ దగ్గరికి లాక్కుని, ఓటర్లకి నచ్చజెప్పేటప్పుడు వాడే గొంతు తీశారు. "నిదానంగా విను. నువ్వు బతికున్నావు."

"తప్పా?"

"తప్పని కాదు. బతికున్నవాళ్ళని పెట్టుకుని చరిత్ర రాయలేం అత్తయ్యా. రేపెవడో మైకు పట్టుకొస్తాడు. యూనిఫాం ఏమైందమ్మా అంటాడు. నువ్వు ఉన్నదున్నట్టు చెప్పేస్తావు. అమ్మనైతే ఎంతమంది అడిగినా ఇబ్బంది లేదు. పైగా అమ్మ చేసిందంటే అది కొడుక్కి వస్తుంది. మేనత్త చేసిందంటే నాకేమొస్తుంది?"

"వారసత్వం సార్" అని పి.ఆర్.ఓ. సరైన మాట అందించాడు.

చచ్చినవాళ్ళ కళ్ళు చారెడని సామెత ఎందుకు పుట్టిందో మేనత్తకి అప్పుడు బాగా అర్థమైంది. ఆమెకి కోపం రాలేదు. అరవయ్యేళ్ళు నోరు మూసుకున్నదానికి ఇప్పుడు కొత్తగా పోయేదేముంది. టీ పెట్టి ఇద్దరికీ ఇచ్చి, తను కూడా ఓ కప్పు తీసుకుని కూర్చుంది.

"సరే. మీ అమ్మనే రాసుకో. నేను నోరెత్తను. నాకొకటి కావాలి."

మంత్రిగారు పి.ఆర్.ఓ. వంక చూశారు. ఇది ఆయనకి అలవాటైన ఘట్టం. "అడుగు."

"ఆ గ్యాలరీ గోడ మీద పిచ్చుక పేరు ఉండాలి."

దళంలో మేనత్త కూర్చున్న టెలిఫోన్ బోర్డుకి పక్క బోర్డు పిచ్చుకది. సన్నగా ఉండేది, గబగబా మాట్లాడేది, ఆఫీసర్లు "ఏమన్నావ్?" అని రెండుసార్లు అడిగేవాళ్ళు. అందుకని ఆ పేరు. ముందూ వెనకా ఎవరూ లేని పిల్ల, అనాథాశ్రమం నుంచి నేరుగా దళంలోకొచ్చింది. శత్రువు విమానాలు ఆ ఊరి మీదికొచ్చిన రోజున, నేలమాళిగలో ఉన్న టెలిఫోన్ ఎక్స్‌ఛేంజ్ ఖాళీ చెయ్యమని ఆర్డరొచ్చింది. అప్పటికి ఆస్పత్రి లైనులో ఇంకా మాట నడుస్తోంది. ఏ వార్డు వాళ్ళని ఏ లారీలో ఎక్కించాలో అటునుంచి చెబుతున్నారు, ఇటునుంచి కలుపుతున్నారు. కాలికి దెబ్బ తగిలిన సూపర్‌వైజరుని మెట్లెక్కించమని పిచ్చుకే మేనత్తని పంపింది. "నువ్వు పద, ఈ ముక్క అయిపోగానే వస్తా" అంది. మేనత్త పైకొచ్చి వెనక్కి తిరిగి చూసేసరికి మెట్లు లేవు.

ఆస్పత్రి ఖాళీ అయింది. పిచ్చుక బయటికి రాలేదు. సహాయక దళం వాళ్ళు సిపాయిల కిందికి రారు కాబట్టి యుద్ధంలో చనిపోయే వీలు నిబంధనల్లో లేదు. అందుచేత ఆ మర్నాటి నుంచి పిచ్చుక అనుమతి లేకుండా డ్యూటీకి గైర్హాజరైనట్టు రాసుకున్నారు. అరవయ్యేళ్ళుగా ఆ పిల్ల గైర్హాజరులోనే ఉంది.

ఇదంతా మేనత్త చెప్పలేదు. "నాతో పనిచేసింది. అక్కడే పోయింది" అంది, అంతే.

"ఒక్క పేరే కదా" అన్నారు మంత్రిగారు ఉదారంగా.

"కింద చిన్న అక్షరాల్లో పెట్టచ్చు సార్. సామాన్యులు కూడా ఉన్నట్టుంటుంది" అన్నాడు పి.ఆర్.ఓ.

ఆ రోజు నుంచి చరిత్ర పనులు చురుగ్గా సాగాయి. పి.ఆర్.ఓ. రెండు రోజులకోసారి వచ్చి మేనత్త దగ్గర కూర్చుని సాంకేతిక వివరాలు తెలుసుకుని వెళ్ళేవాడు. మొదటి చిత్తు ప్రతిలో వదినగారు టెలిఫోన్ ఆపరేటరు. రెండోదాంట్లో ఆపరేటర్ల మీద అధికారి. మూడోదాంట్లో ఒక చేత్తో టెలిఫోన్, ఒక చేత్తో తుపాకీ పట్టుకున్నారు.

"రెండు చేతులూ అలా ఉంటే లైను ఎవరు కలుపుతారు బాబూ?" అని మేనత్త అడిగింది.

పి.ఆర్.ఓ. ఆలోచించి టెలిఫోన్ తీసేశాడు.

ఇంకో చిక్కు వచ్చింది. యుద్ధం సరిగ్గా మంత్రిగారు పుట్టిన సంవత్సరమే జరిగింది. తల్లి కాన్పుకి పుట్టింట్లో ఉన్నట్టు బంధువులందరికీ తెలుసు. పి.ఆర్.ఓ. ఈ మాట భయపడుతూనే ఫోన్లో విన్నవించుకున్నాడు. అటునుంచి మంత్రిగారు తడుముకోలేదు. "అయితే నేను యుద్ధరంగంలోనే పుట్టానని రాయి." పి.ఆర్.ఓ. ఫోన్ పెట్టేసి, "ఆరో మంత్రి అండీ. ఇలాంటి మంత్రి ఇంతవరకూ రాలేదు" అన్నాడు. ఈసారి మనసులోంచే అన్నాడని మేనత్తకి అనిపించింది.

"అమ్మగారి యూనిఫాం ఏమన్నా దొరుకుతుందా అండీ? అద్దాల పెట్టెలో పెడతాం."

"అదా. ఇల్లు తుడిచి తుడిచి అరిగిపోయింది."

"సేవలో అరిగిపోయింది" అని రాసుకున్నాడు పి.ఆర్.ఓ.

యుద్ధం తర్వాత, చిన్న ర్యాంకుల్లోకైనా ఆడవాళ్ళని రానిచ్చేదాకా, నలభయ్యేళ్ళు ఏం జరిగిందో రాయడం ఇంకా కష్టమైంది. ఎందుకంటే ఏమీ జరగలేదు. డాక్టర్లుగా, నర్సులుగా తప్ప ఆడవాళ్ళని రానివ్వలేదు. ఎందుకు రానివ్వరంటే బాత్రూములు లేవన్నారు. బాత్రూముల సమస్య తేల్చడానికి కమిటీ వేశారు. ఆ కమిటీలో ఆడవాళ్ళని వెయ్యలేదు, సమావేశం జరిగే భవనంలో వాళ్ళకి బాత్రూము లేదని. కమిటీ పన్నెండుసార్లు సమావేశమై, స్త్రీలు ఓర్పుకి మారుపేరు అని తేల్చింది. పి.ఆర్.ఓ. ఈ నలభయ్యేళ్ళకీ 'సన్నాహక దశ' అని పేరు పెట్టి ఒక బల్ల మీద సర్దేశాడు.

గ్యాలరీ ప్రారంభోత్సవం ఘనంగా జరిగింది. గుమ్మంలో వదినగారి నిలువెత్తు కంచు విగ్రహం, తుపాకీతో. కోర్టుకెళ్ళి గెలిచిన మహిళా ఆఫీసర్లు ఆ విగ్రహానికి సెల్యూట్ చేశారు. వాళ్ళ కేసులో ప్రభుత్వం తరఫున ఎదురు వాదించిన వకీలు ముందు వరసలో కూర్చుని చప్పట్లు కొట్టాడు. మేనత్తని కూడా వేదిక మీదికి పిలిచారు. ఎందుకు పిలుస్తున్నారో ఆమెకి తెలియదు.

"మా అమ్మగారు రణరంగంలో ఉంటే ఇక్కడ ఇల్లూ వాకిలీ చూసుకున్నది ఎవరు?" అని మంత్రిగారు మైకులో జనాన్ని అడిగారు. "మా మేనత్త. ఒక ఆడది దేశం కోసం బయటికెళ్ళాలంటే, ఇంకో ఆడది ఇంట్లో ఉండాలి. ఇలా కనపడకుండా ఇంట్లో ఉండిపోయిన తల్లులందరికీ ప్రతినిధిగా ఈమెని సత్కరిస్తున్నాం."

ఆమె చేతిలో ఒక మెమెంటో పెట్టారు. ఇత్తడి గరిటె, చెక్క మీద బిగించి ఉంది.

కిందికి దిగాక ఒక మహిళా విలేకరి దగ్గరికొచ్చింది. "మీ వదినగారు సైన్యానికి వెళ్తానన్నప్పుడు మీకేమనిపించిందండీ?"

"నమ్మలేకపోయానమ్మా" అంది మేనత్త. "ఇప్పటికీ నమ్మలేకపోతున్నాను."

మర్నాడు పత్రికల్లో అదే హెడ్డింగు.

ప్రారంభోత్సవం నాడే జనం పల్చబడ్డాక మేనత్త గోడ చివరిదాకా నడిచింది. మంటలార్పే ఎర్ర సిలిండరు పక్కన, మోకాలి ఎత్తులో పిచ్చుక పేరుంది. ఒక్క అక్షరం కూడా తప్పు లేదు. ఆమె వంగి చదివింది. చదివి, కూర్చోడానికి కుర్చీ ఏమీ లేకపోతే అక్కడే నేల మీద కూర్చుండిపోయింది. గరిటె ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు కూర్చుంది. నోరు మూసుకున్నందుకు ఆమెకి ఏమాత్రం విచారం కలగలేదు. గైర్హాజరైన పిల్ల హాజరైంది. అది చాలు.

ఆ తర్వాతి ఎన్నికల్లో మంత్రిగారి పార్టీ ఓడిపోయింది. కొత్త ప్రభుత్వం రాగానే కంచు విగ్రహాన్ని శుభ్రం చెయ్యడానికి తీసుకెళ్ళారు. ఇంకా శుభ్రం చేస్తూనే ఉన్నారు. కొత్త రక్షణ మంత్రిగారు ప్రతిపక్షంలో ఉండగా, ఆడవాళ్ళు సరిహద్దుకెళ్తే వంట ఎవరు చేస్తారని సభలో కన్నీళ్ళు పెట్టుకున్న మనిషి. ఇప్పుడు ఆయన గ్యాలరీ అంతా కలియదిరిగి, ఇదంతా కుటుంబ పాలన అని కనిపెట్టారు. గోడ మొత్తం చెక్కించి సున్నం వేయించమన్నారు. పి.ఆర్.ఓ. అడ్డుపడి, "సార్, ఇందులో ఎవరి తాలూకూ కాని పేరు ఒకటుంది" అని సిలిండరు పక్కకి తీసుకెళ్ళి చూపించాడు.

వారం తిరగకుండా ఇద్దరూ మేనత్త ఫ్లాట్‌లో ఉన్నారు. అవే కుర్చీలు, అదే టీ.

"అమ్మా, మీరు నన్ను ఎరగరు" అన్నారు కొత్త మంత్రిగారు. "ఆ పిచ్చుకగారు మా నాయనమ్మ."

మేనత్త పి.ఆర్.ఓ. వంక చూసింది. పి.ఆర్.ఓ. కప్పులోకి చూసుకుంటున్నాడు.

"మీ నాయనమ్మకి ఎంతమంది పిల్లలు బాబూ?"

"మా నాన్న ఒక్కడే."

"పోయేనాటికి పిచ్చుకకి పంతొమ్మిది. పెళ్ళి కాలేదు."

"ఆ పెళ్ళి సంగతి మేం చూసుకుంటాం" అన్నారు మంత్రిగారు. "మీరేం శ్రమ పడక్కర్లేదు. మీరు సాక్షిగా ఒక్క మాట చెప్పాలి. అప్పుడు మీరు కూడా దళంలో ఉన్నట్టు ప్రభుత్వం గుర్తిస్తుంది. ఎందుకంటే, అక్కడ లేనివాళ్ళు సాక్ష్యం ఎలా చెబుతారు?"

"నేను అక్కడ ఉన్నానని మీకు ముందే తెలుసన్నమాట."

"మాకెప్పుడూ తెలుసమ్మా. గుర్తించడానికి సందర్భం రాలేదు."

"చెప్పకపోతే?"

"మేస్త్రీ సోమవారం నుంచి పనిలోకి దిగుతున్నాడండీ" అన్నాడు పి.ఆర్.ఓ. మెల్లగా. బెదిరించడానికి అనలేదు. అతను చెప్పగలిగినంత నిజం అదే.

మేనత్త లేచి కిటికీ దగ్గరికెళ్ళి నిలబడింది. మొదటివాడు తన తల్లిని సిపాయిని చేశాడు, ఇతను ఒక సిపాయిని తల్లిని చేస్తానంటున్నాడు. కానీ పెళ్ళయినా, పిల్లలు పుట్టినా, ఆ పిల్ల గోడ మీద ఉంటుంది. సున్నం పడితే అదీ ఉండదు. ముందూ వెనకా ఎవరూ లేని పిల్లకి మనవడొకడు దొరికాడు, దొంగవాడే కానీ. ఆమె బీరువా తెరిచి ఒక ఫోటో తీసుకొచ్చింది.

"పెళ్ళి సంగతి నేను చెప్పను. ఆఖరిదాకా బోర్డు దగ్గరే ఉందని చెబుతాను, అది నిజం కాబట్టి. ఇదిగో, ఎక్స్‌ఛేంజ్ మెట్ల మీద ఒక లారీ డ్రైవరు తీశాడు. ఇది పిచ్చుక. దాని భుజం మీద చెయ్యి వేసి పక్కన నిలబడింది నేను. పెడితే ఇదే పెట్టండి. ఇద్దరం ఉన్నాం కదా, సాక్ష్యం కూడా అదే అవుతుంది."

మంత్రిగారు ఫోటోని రెండు చేతులతో అందుకున్నారు. నాయనమ్మ ముఖం ఆయన చూడడం అదే మొదటిసారి.

"మా పోలికే" అన్నారు.

గ్యాలరీని మళ్ళీ తెరిచారు. ప్రారంభోత్సవానికి మేనత్తకి ఆహ్వానం రాలేదు. దారిలో ఎక్కడో తప్పిపోయి ఉంటుందని పి.ఆర్.ఓ. ఫోన్ చేసి బాధపడ్డాడు. పది రోజులు ఆగి, ఆమే టికెట్టు కొనుక్కుని లోపలికెళ్ళింది.

గుమ్మంలో కంచు విగ్రహం ఉండే చోట ఇప్పుడు పిచ్చుక ఉంది. మనిషంత ఎత్తు ఫోటో, అద్దం వెనక, పైన లైటు. వదులు యూనిఫాం, బిగించిన బెల్టు, ఏదో అనబోతూ సగం తెరిచిన నోరు. అంత పెద్దగా పిచ్చుకని చూసి మేనత్త అద్దం దగ్గరిదాకా వెళ్ళింది. పక్కనున్న రెండో పిల్ల మాత్రం ఫోటోలో లేదు. శుభ్రంగా కత్తిరించేశారు. భుజం మీది చెయ్యి ఒక్కటీ కత్తిరించడానికి కుదరలేదు కాబోలు, మణికట్టు దాకా అలాగే ఉండిపోయింది.

ఫోటో ముందు ఒక పడుచు లెఫ్టినెంటు నిలబడి బడిపిల్లలకి వివరిస్తోంది. ఇస్త్రీ మడత నలగని యూనిఫాం. ఆమె కొలతలకే కుట్టింది. కోర్టు తీర్పు తర్వాత చేరిన మొదటి జట్టులో పిల్ల అట. ఆమెని ఇక్కడ వేశారు.

"ఈ చెయ్యి ఎవరిది మిస్?" అని ఒక పాప అడిగింది.

"ఆవిడ భర్తది. ఆ రోజుల్లోనే భార్యకి ధైర్యం చెప్పి సైన్యానికి పంపిన మనిషి. ఆయన ప్రోత్సాహం లేకపోతే ఈ చరిత్రే లేదు. పక్క హాలు మొత్తం ఆయనకే కట్టిస్తున్నారు."

"ఆయన ఫోటో లేదా?"

"ఆయనకి పేరు ప్రతిష్ఠలు ఇష్టం ఉండేవి కావట. ఎప్పుడూ వెనకే ఉండిపోయారు."

పిల్లలు తలలెత్తి ఆ చెయ్యి వంక గౌరవంగా చూశారు. లెఫ్టినెంటు వాళ్ళని వరసలో పెట్టి పక్క హాలు పునాది చూపించడానికి బయల్దేరబోతూ, ఫోటో దగ్గర ఆగిపోయిన ముసలావిడని చూసి వెనక్కొచ్చింది.

"బామ్మగారూ, అద్దం మీద చెయ్యి పెట్టకండి. మరక పడుతుంది."

మేనత్త చెయ్యి తీసేసింది.